లింబాద్రి తడిపిన గోడ

గోడలకు నీళ్ళు కొట్టే మనిషి గురించి రాయడానికి ఏముంటుందని మా ఇంటామె హలీమాబీ అడిగింది. నాకు ఒళ్ళు మండింది. దుబాయ్ గురించి రాసే ప్రతివాడూ షేకుల గురించి రాస్తాడు, బంగారం దుకాణాల గురించి రాస్తాడు, మెడ నొప్పి పుట్టేలా తలెత్తి చూడాల్సిన మేడల గురించి రాస్తాడు. ఆ మేడలు పగుళ్ళివ్వకుండా నిలబడటానికి తెల్లారకముందే లేచి నీళ్ళ పైపు భుజాన వేసుకున్నవాడు మాత్రం ఎవరికీ కనపడడు. నాకు కనపడ్డాడు. అతని పేరు లింబాద్రి. నాది నెల్లూరు జిల్లా ఉదయగిరి, పేరు సనావుల్లా. దుబాయ్‌లో ఒక నిర్మాణ కంపెనీలో టైమ్‌కీపరుగా ఏళ్ళ తరబడి హాజరు వేశాను. ఆ హాజరు పలికినవాళ్ళలో ఎవరి పరిచయాన్ని గొప్పగా చెప్పుకుంటావని అడిగితే ఆలోచించకుండా లింబాద్రి పేరే చెప్తాను.

లింబాద్రిది నిజామాబాదు జిల్లా, భీంగల్ దగ్గర ఒక పల్లె. తల్లి చిన్నప్పుడే పోయింది. అక్క లింగవ్వ బీడీలు చుట్టి తమ్ముణ్ణి సాకింది. పెళ్ళి కుదిరినప్పుడు కూడా, తమ్ముడు తనతోనే వస్తాడని, సమ్మతమైతేనే ముహూర్తం పెట్టుకోమని పెళ్ళికొడుకుకు కబురు పంపిందట. ఆ పెళ్ళికొడుకు పర్శరాములు, తాపీ మేస్త్రీ. మారుమాట లేకుండా ఒప్పుకున్నాడు. బామ్మర్దికి తాపీ పట్టడం నేర్పిందీ ఆయనే. డెబ్బై ఏడులో బావా బామ్మర్దులిద్దరూ ఒకే విమానంలో బొంబాయి నుంచి దిగి, మా అల్ కుసైస్ క్యాంపులో ఒకే గదిలో చేరారు. నేను ఉండేది వేరే గదిలోనే అయినా, తెలుగు మాట కోసం, పర్శరాములు చేసే అంబలి కోసం సగం రోజులు వాళ్ళ దగ్గరే ఉండేవాణ్ణి.

వచ్చిన రెండో ఏడు లింబాద్రి పరంజీ మీద నుంచి జారిపడ్డాడు. కుడి మణికట్టు విరిగింది. అతికింది గానీ తాపీ పట్టి గోడ మీద తిప్పడానికి చెయ్యి ఒంగదు. కంపెనీ వాళ్ళు ఇంటికి పంపేవాళ్ళే. పర్శరాములు మేము ముదీర్ అని పిలిచే మేనేజరు చుట్టూ తిరిగి, కాళ్ళావేళ్ళా పడి, బామ్మర్దిని నీళ్ళు కొట్టే పనిలో పెట్టించాడు.

సిమెంటు పూసిన గోడ ఎండకు గబగబా ఎండితే పగులుతుంది. అందుకని వారం పాటు పొద్దూ మాపూ తడుపుతూ ఉండాలి. తడి ఆరకుండా దాని మీద గోనెపట్టాలు వేలాడదీసి, ఆ పట్టాలను కూడా తడుపుతారు. మేస్త్రీల లెక్కలో అది ఏ పనీ చేతకానివాడికిచ్చే పని. లింబాద్రి అలా అనుకోలేదు. తడిపిన గోడకు అరచెయ్యి ఆనించి కాసేపు నిలబడేవాడు, జ్వరం చూసినట్టు. తన చేతిలో పడ్డ గోడ పగిలిందని ఎవడైనా అంటే కొట్లాటకే. శుక్రవారం క్యాంపంతా పడుకుని ఉంటే, ఈయన నీళ్ళ ట్యాంకరు డ్రైవరును బతిమాలుకుని సైటుకు పోయేవాడు.

"జుమ్మా రోజు కూడా ఏందన్నా నీకు?" అని అడిగానొకసారి.

"జుమ్మా మనకు సాబ్. గోడకు జుమ్మా ఉంటదా? దానికి దూపైతది," అన్నాడు.

జెబెల్ అలీలో ఫ్రీ జోన్ అప్పుడప్పుడే మొదలైంది. ఎనభై అయిదు చివర్లో అక్కడ ఒక వర్తకుడికి మా కంపెనీ ఆఫీసు భవనం కడుతోంది. ఆ అర్బాబ్, అంటే యజమాని, వ్యాపారం మీద మెక్సికో వెళ్ళినప్పుడు అక్కడి ప్రభుత్వ భవనాల్లో గోడలకు గోడలే బొమ్మలతో నిండి ఉండటం చూసి ముచ్చటపడ్డాడట. తన భవనం ముందు హాలులో కూడా అలాంటి గోడ కావాలన్నాడు. దాని కోసం మెక్సికో నుంచి ఒక చిత్రకారిణి వచ్చింది. పేరు కొన్సువేలో ఇబార్రా. యాభై ఏళ్ళుంటాయి, పొట్టి మనిషి, రెండు జడల్లో రంగు దారాలు, ఒంటి మీద మెకానిక్కు వేసుకునే నీలం బట్టలు. మనవాళ్ళు ఆ పేరుతో కుస్తీ పట్టలేక మెక్సికమ్మ అన్నారు. ఆమెకు అది నచ్చింది. ఆమె ఇంగ్లీషును తెలుగులోకీ హిందీలోకీ మార్చే పని నాకు తగిలింది.

ఆమె బొమ్మ వేసే పద్ధతి మా మేస్త్రీలెవరూ ఎరగనిది. మనకు తెలిసిన పెయింటర్లు గోడ పూర్తిగా ఎండాక వస్తారు. ఈమె పచ్చి గోడ మీద వేస్తుంది. నెలల తరబడి పీపాల్లో నానిన సున్నాన్ని పాలరాతి పొడితో కలిపి, ఆ రోజు ఎంత బొమ్మ వేయగలదో అంత మేరకే పూత పూయిస్తుంది. అది ఆరేలోగా నీళ్ళలో నూరిన రంగు అద్దాలి. రంగులో జిగురేమీ ఉండదు. సున్నం ఆరుతూ ఆరుతూ రంగును తనలోకి లాక్కుని రాయిలా బిగుస్తుంది. మర్నాడు పక్క ముక్క. సున్నం పనిలో చెయ్యి తిరిగినవాడు కావాలంటే పర్శరాములు ముందుకొచ్చాడు. లింబాద్రి అప్పటికి లేడు. అతణ్ణి కంపెనీ అబూధాబీ వైపు ముసఫ్ఫాలో ఇంకో సైటుకు పంపింది.

చాయ్ వేళల్లో మెక్సికమ్మ వాళ్ళ దేశం కబుర్లు చెప్పేది. అక్కడ రైతులూ కూలీలూ తుపాకులు పట్టి పదేళ్ళు పోరాడాక, కొత్త ప్రభుత్వం పెద్ద పెద్ద భవనాల గోడలు చిత్రకారులకు అప్పగించింది. జనంలో చాలామందికి చదువు లేదు, వాళ్ళ చరిత్ర వాళ్ళకు గోడ మీద చూపించండి అంది. దియేగో రివేరా అనే ఆయన సంతల్నీ, మొక్కజొన్న విసిరే ఆడవాళ్ళనూ, పూల మోపులు మోసేవాళ్ళనూ నింపేశాడు. ఒరోస్కో అనే ఆయన అంత తేలిగ్గా సంబరపడే మనిషి కాదు, ఆ పోరాటంలో ఏడుపునూ మంటనూ కూడా వేశాడు. సికేరోస్ అనే మూడో ఆయనకు ఈ సున్నం పాతబడిపోయిందని కోపం, కార్లకు కొట్టే రంగు తెచ్చి గోడకు కొట్టాడు. ముగ్గురికీ పొత్తు కుదిరేది కాదట, అయినా మొదట్లో ఒకే సంఘంలో ఉన్నారు. బొమ్మలేసేవాడు కూడా పరంజీ ఎక్కే కూలీయేనని ఆ సంఘం మాట. అందుకే ఈ నీలం బట్టలని చెప్పి తన చొక్కా పట్టుకుని చూపించేది.

"మా తరం వాళ్ళం ఆ పెద్దల్ని తిట్టుకున్నాం," అంది ఒక రోజు. "గోడల మీద జనాన్ని వేశారు సరే, చివరికి ఆ గోడలు ప్రభుత్వం తనను తాను పొగుడుకోవడానికి పనికొచ్చాయి కదా అన్నాం. నేనూ పదేళ్ళు గోడ ముట్టుకోలేదు. చిన్న చిన్న బట్టల మీద నా బొమ్మలు నేను వేసుకున్నాను."

అంతకుముందు సెప్టెంబరులో వాళ్ళ రాజధానిలో పెద్ద భూకంపం వచ్చింది. ఎప్పుడో కుర్రతనంలో ఆమె ఒక బడిలో వేసిన గోడ కూలిపోయింది. పొద్దున్నే గనక పిల్లలు లేరు. సర్కారు కదిలేలోపు వీధుల్లో మామూలు మనుషులే వరసలు కట్టి, చేతులతో రాళ్ళు అందించుకుంటూ, ముక్కూ మొహం తెలియనివాళ్ళను బయటికి తీశారట. ఆ వరసలో తానూ నిలబడ్డానని చెప్పింది. ఆ తర్వాతే మళ్ళీ గోడ కావాలనిపించి ఇంత దూరం వచ్చింది.

ఆమె వేస్తున్న గోడలో ముత్యాల కోసం మునిగేవాళ్ళున్నారు, పడవలున్నాయి, ఓడరేవు ఉంది, పరంజీలున్నాయి. వాటన్నిటి నడుమ మనిషికి రెండింతల ఎత్తున ఒక మేస్త్రీ, చేతిలో తాపీ. ఆ మేస్త్రీకి పర్శరాములు ముఖం పెడతానంది. ఇంకేముంది, ఆయన సైటుకు తలకు నూనె పెట్టుకుని రావడం మొదలైంది. మీసం కత్తిరించుకోవడానికి అల్ కుసైస్ అంతా తిరిగి మంచి మంగలిని వెతికాడు. ఒక గురువారం సాయంత్రానికి ఆ ముఖం పూర్తయింది. ఎడారి గాలికి సున్నం మరీ తొందరగా ఆరిపోకుండా మెక్సికమ్మ దాని ముందు గోనెపట్టాలు కట్టి, గట్టిగా ముళ్ళు వేసి పోయింది. మర్నాడు అందరికీ సెలవు.

అదే గురువారం చీకటిపడ్డాక లింబాద్రి ముసఫ్ఫా నుంచి తిరిగొచ్చాడు. 'మీ బావ బొమ్మ గోడకెక్కింది' అని గదిలోవాళ్ళు చెప్పారు. అతను సంతోషపడి పడుకున్నాడు. శుక్రవారం ఎప్పటిలాగే ట్యాంకరెక్కి జెబెల్ అలీ పోయాడు. హాలులో కొత్త పూత, దాని మీద గోనెపట్టాలు. నీళ్ళు కొట్టేవాడికి గోనెపట్టా కనపడితే ఇక వేరే హుకుం అక్కర్లేదు. పొద్దున తడిపాడు. మళ్ళీ సాయంత్రం, పోయేముందు, ఇంకాస్త ఎక్కువే తడిపాడు.

శనివారం మేమంతా హాలులోకి అడుగుపెట్టేసరికి నేల మీద ఎర్రమట్టి రంగు నీళ్ళు మడుగు కట్టి ఉన్నాయి. మెక్సికమ్మ ఒక్కొక్క ముడీ విప్పి పట్టా తీసింది. పర్శరాములు ముఖంలో ఒక కన్నూ, సగం మీసమూ మిగిలాయి. మిగతాదంతా చారలు.

లింబాద్రి దాన్ని చూసి నోరు తెరిచాడు. చేతిలో పైపు అలాగే ఉంది.

"నువ్వేనా?" అన్నాడు పర్శరాములు.

"నేనే బావా. నీళ్ళు కొట్టిన. బొమ్మ ఉన్నదని ఎరుక లేదు."

"ఎరుక లేదా? గదిలకు రాంగనే చెప్పిరి గద నీకు, నా బొమ్మ గోడకెక్కిందని!"

"పటం కట్టి ఏలాడదీసిండ్రనుకున్న. పచ్చి గోడ మీద బొమ్మ ఎవడేస్తడు బావా?"

"తాపీ నీ చేతులకెల్లి పోయిందని, నా చేతుల ఉన్నదని గిన్నేండ్లు కడుపుల వెట్టుకున్నవ్. నా మొకం గోడ మీద ఓర్వలేకపోయినవ్!"

ఆ మాట హాలులో ఉన్న అందరూ విన్నారు. ముదీర్ వచ్చి చూసి, చెయ్యి గాల్లో విసిరి, "ఖలాస్! ఇస్‌కో ఘర్ భేజో," అని ఇంటికి పంపేయమన్నాడు. నాకు ముదీర్ మీదా, పర్శరాములు మీదా ఒకేసారి కోపం వచ్చింది. అయినా నా పని మాట మార్చడమే కనుక, జరిగిందంతా మెక్సికమ్మకు చెప్పాను.

ఆమె అరవలేదు. లింబాద్రిని దగ్గరకు పిలిచి, ఎందుకు తడిపావని నా ద్వారా అడిగింది.

"నాకు తెల్సింది గదే పని. గోనెపట్టా కనపడ్డది, నీళ్ళు కొట్టిన. తప్పయితె తప్పే. గని జలనతోని, ఓర్వలేక జెయ్యలే. గదొక్కటి మేడమ్‌కు మంచిగ చెప్పు సాబ్."

ఆమె విప్పి పడేసిన తాళ్ళు చూపించింది. "ఈ ముళ్ళు నేను వేసినవి. వేసినవి వేసినట్టే ఉన్నాయి. ఈ మనిషి పట్టా ఎత్తి చూడలేదు. ముఖం చూడనివాడు ముఖం మీద పగ ఎలా తీర్చుకుంటాడు?" అంది. తర్వాత ముదీర్ వైపు తిరిగింది. "మా దేశపు గోడలకు ముఖాల తగాదా కొత్తేమీ కాదు. న్యూయార్కులో రివేరా వేసిన గోడలో ఒక ముఖం తీసేయమన్నారు. ఆయన తీయనన్నాడు. గోడనే పగలగొట్టించారు. ఇక్కడ ఒక ముక్క పోయింది, అంతే. పూత వేసేముందు అడుగు గోడ బాగా తడిస్తేనే నా సున్నం పట్టుకుంటుంది. ఇంతవరకు ఆ పని చేయడానికి నాకు మనిషి లేడు. ఇతణ్ణి నాకివ్వండి."

ముదీర్ గొణుక్కుంటూ పోయాడు. లింబాద్రి నౌకరీ నిలిచింది. పరువు మాత్రం నిలవలేదు. ముళ్ళ సంగతి నేను క్యాంపులో ఎంత చెప్పినా, బావ బొమ్మ అక్కడ ఉందని తెలిసే కొట్టాడని అనేవాళ్ళు అంటూనే ఉన్నారు. ముఖం కడిగినోడని పేరు పెట్టారు. పర్శరాములు అతనితో మాట మానేశాడు. ఒకే గదిలో పడుకుంటారు, ఒకే గిన్నెలోది తింటారు, పలకరింపు లేదు. చెడు మాటకు విమానం టికెట్టు అక్కర్లేదు, సెలవు మీద పోయినవాడెవడో భీంగల్ దాకా మోసుకుపోయాడు.

నెల తిరక్కుండా ఊరి నుంచి వచ్చినవాడు ఒక క్యాసెట్టు తెచ్చాడు. అప్పట్లో చదువు రాని ఇళ్ళ ఆడవాళ్ళు మాటలు క్యాసెట్టులో నింపి పంపేవాళ్ళు. గదిలో అందరూ కూర్చుని ఉండగా టేప్‌రికార్డరులో పెట్టారు. లింగవ్వ గొంతు.

"తమ్మీ లింబాద్రీ, నేను అక్కను. మీ బావ మొకం కడిగినవంట గద. ఊరంత అంటున్నరు. నిన్ను సంకల ఏసుకొని నేను అత్తగారింటికొచ్చిన. ఆయన ఒక్కనాడు నిన్ను పరాయోడని అనలే. నువ్వు తెలువక కడిగినవా, తెల్సి కడిగినవా? గదొక్కటి జెప్పు. నాకు వేరే ఏం వద్దు."

పర్శరాములు లేచి బయటికి పోయాడు. జవాబు నింపమని నేను ఖాళీ క్యాసెట్టు ఇచ్చాను. లింబాద్రి దాన్ని చేతిలో తిప్పి తిప్పి పక్కన పెట్టాడు.

"తెలువక అంటె నమ్ముతదా సాబ్? తెల్సి జేసినోడు గూడ గట్లనే అంటడు. మా బావ నోట రావాలె గా మాట. లేకపోతె నాకు అక్క లేనట్టే," అన్నాడు. ఆ మాటకు నాకు కళ్ళు తడిశాయి.

మెక్సికమ్మ ఆ ముఖం ఉన్న చోటు చెక్కించి, ఖాళీగా వదిలేసి, చుట్టూ మిగతా గోడంతా వేసుకుంటూ పోయింది. రోజూ పొద్దున్నే లింబాద్రి అడుగు గోడ తడిపేవాడు, పర్శరాములు పూత పూసేవాడు, ఆమె రంగు అద్దేది. ఎంత తడపాలో ఆమె మొదట్లో వేలితో చూపించింది. కొన్నాళ్ళకు చూపించడం మానేసి, లింబాద్రి అరచెయ్యి తీసేదాకా ఆగేది. చాయ్ వేళ కబుర్లు ఇప్పుడు అతనూ వినేవాడు. ఫ్రీదా అనే చిత్రకారిణి సంగతి అతనికి బాగా పట్టుకుంది. రివేరా భార్య. చిన్న వయసులో బస్సు ప్రమాదంలో ఒళ్ళంతా విరిగి, మంచాన పడి, అక్కడి నుంచే తన బొమ్మలు తాను వేసుకుంది. భర్త గోడలు నింపితే ఆమె పలకంత చెక్క మీద తన నొప్పిని దాచకుండా చూపించింది.

"విరిగినంక గూడ ఏసిందా?" అన్నాడు లింబాద్రి.

"విరిగాకే వేసింది," అంది మెక్సికమ్మ.

అతను తన మణికట్టు వైపు చూసుకుని, గ్లాసు కింద పెట్టి, పైపు తీసుకుని వెళ్ళాడు.

గోడ పూర్తి కావచ్చింది. ఆ ఖాళీ చోటు ఒక్కటే మిగిలింది. ఒక మధ్యాహ్నం పర్శరాములు సున్నం పీపాల దగ్గర ఉండగా, మెక్సికమ్మ నన్నూ లింబాద్రినీ పరంజీ కిందికి పిలిచింది.

"మా పెద్దలు తాపీ పట్టినవాణ్ణీ తుపాకి పట్టినవాణ్ణీ గోడ నడుమ నిలబెట్టారు. ఎవరికీ కనపడనివాడెక్కడ అని మా తరం అడిగింది. అడిగాం గానీ ఎవరమూ వేయలేదు. నేను వేస్తాను. ఆ ఖాళీలో నీ ముఖం పెడతాను. తాపీ తీసేసి నీళ్ళ పైపు పెడతాను. మీ బావ కోపగించుకుంటే నేను చెప్పుకుంటాను," అంది.

నాకు ఆనందం పట్టలేదు. నీళ్ళు కొట్టే మనిషి రెండింతల ఎత్తున అర్బాబ్ హాలులో నిలబడతాడు, వచ్చిన ప్రతి పెద్దమనిషీ తలెత్తి చూస్తాడు. లింబాద్రి ఆ చెక్కిన చోటుకు అరచెయ్యి ఆనించాడు.

"వద్దు సాబ్. ఆడ నా మొకం వెడితె, గందుకే కడిగిండన్నట్టు అయితది. మా బావ మొకమే పెట్టుమను. ఈసారి మేడమ్ సాలన్నకాడ ఆపుత."

ఆమె వదల్లేదు. నడుమ వద్దంటే పక్కనెక్కడైనా, పడవల దగ్గరో, పరంజీ కిందో చిన్నగా వేస్తానంది.

"యాడ ఏసినా గంతే. బావ మొకం కడిగి తన మొకం సంపాయించుకున్నడంటరు. నేను తప్పు జెయ్యలే. తప్పు జేసినోనికి దొరికేది నాకెందుకు?" మళ్ళీ అతనే అన్నాడు. "ఇంకోటి. మేడమ్ గిట్ల అడిగిందని బావకు చెప్పకు. ఆయన మొకం తీసేస్తమన్నరని తెలిస్తె మస్తు బాధవడ్తడు. మాటియ్యి."

మాటిచ్చాను. మెక్సికమ్మకు అంతా చెప్పాను.

"గోడ మీద ఎవరుండాలని మా దేశంలో రెండు తరాలు కొట్టుకున్నాం. పెద్ద పెద్ద చిత్రకారులు పరంజీల మీద నుంచి తిట్టుకున్నారు. ఉండనని చెప్పే హక్కు కూడా మనిషికి ఉంటుందని మాలో ఎవరికీ తట్టలేదు," అంది. తర్వాత తన తలగుడ్డ తీసి, అతని ముందు కాస్త వంగింది. లింబాద్రి కంగారుపడి రెండడుగులు వెనక్కి వేశాడు.

ఆ ముఖం మళ్ళీ వేసిన రోజు నేను మరచిపోలేను. పర్శరాములు తన ముఖానికి తానే పూత పూస్తున్నాడు. పక్కన బామ్మర్ది ఆ చోటును అంగుళం అంగుళం తడుపుతున్నాడు. ఇద్దరి మోచేతులూ తగులుతున్నాయి. కానిమ్మని 'యల్లా' ఒకరు, చాలని 'బస్' ఒకరు, అంతకుమించి మాట లేదు. సాయంత్రానికి పర్శరాములు మళ్ళీ గోడెక్కాడు, మొదటి దానికంటే బాగా. ఈసారి ఆయన ముఖంలో కాస్త దిగులు కూడా ఉంది. మెక్సికమ్మ ఉన్నదున్నట్టు వేసింది.

రెండు రోజులకే ప్రారంభోత్సవం. దానికి ఆమె ఒక షరతు పెట్టింది. అతిథుల కంటే ముందు కూలీలు చూడాలి. తమ దేశంలో గోడ మీద బొమ్మ వేసేదే చిత్రశాల గడప తొక్కని వాళ్ళ కోసం అని అర్బాబ్‌తో తెగేసి చెప్పింది. ఆయన నవ్వి సరేనన్నాడు. అల్ కుసైస్ నుంచి బస్సులు వేశారు. తలలు దువ్వుకుని, ఉతికిన బట్టలు వేసుకుని మనవాళ్ళంతా హాలులోకి వచ్చి నోరు మెదపకుండా నిలబడిపోయారు. తాము మోసిన ఇటుకలు, తాము ఎక్కిన పరంజీలు, తమ మేస్త్రీ గోడంతా పరుచుకుని ఉన్నారు. నా ఛాతీ ఉప్పొంగింది. ఆ మాట చెప్పుకోవడానికి సిగ్గెందుకు?

కాసేపటికి నోళ్ళు లేచాయి. పర్శరాములును ముందుకు నెట్టి, ఆయన మీసాన్నీ బొమ్మ మీసాన్నీ పోల్చి చూస్తున్నారు. ఎవడో వెనక నుంచి, "గీసారి బామ్మర్ది కడగలేదా అన్నా?" అన్నాడు. పకపకా నవ్వారు. పర్శరాములు కూడా పెదవి విరిచి నవ్వాడు. లింబాద్రి దూరంగా ద్వారం దగ్గర గోడకు చెయ్యి ఆనించి నిలబడి ఉన్నాడు. విననట్టే ఉన్నాడు.

నా కోపం సంగతి మా ఇంట్లో అందరికీ తెలుసు. అది వచ్చినప్పుడు ఇచ్చిన మాటలు అడ్డం రావు.

"ఏంది నవ్వుతుండావు పర్శరాములన్నా?" అన్నాను, హాలంతా వినపడేట్టు. "ఆ నడుమ చోటు నీ బామ్మర్దికి ఇస్తానని ఆయమ్మ అడిగింది. నీ తాపీ తీసేసి ఆయన పైపు పెడతానంది. నేనే కదా మాట మార్చి చెప్పింది! వద్దన్నాడు. మా బావ మొకమే పెట్టమన్నాడు. పక్కన ఓ మూల వేస్తానంటే దానికీ ఒప్పుకోలా. నీ మనసు నొచ్చుకుంటుందని నీకు చెప్పొద్దని నా దగ్గర మాట తీసుకున్నాడు. ఓర్వలేనోడు చేసే పనేనా ఇది? చెప్పు!"

పర్శరాములు నా వైపు చూశాడు. మెక్సికమ్మ వైపు చూశాడు. ఆమెకు తెలుగు రాకపోయినా సంగతి అర్థమైంది, తల ఊపింది. ఆయన గోడ మీది తన ముఖాన్ని చూశాడు. తర్వాత జనాన్ని తోసుకుంటూ ద్వారం దగ్గరికి పోయి, బామ్మర్ది విరిగిన మణికట్టు పట్టుకుని గోడ నడుమకు లాక్కొచ్చాడు.

"ఇనుండ్రి," అన్నాడు. "గా మొకం నాదే. గని గా గోడ మొత్తం నా బామ్మర్దిది. పొద్దుగాల ఈయన తడపంది నేను ఒక్క పిడికెడు సున్నం గూడ ఏయలే. ఈయన తెలువకనే కడిగిండు. నేను తెల్సి తెల్సి ఈయన మొకం మీద బురద జల్లిన. ఇగ ఎవడన్న ఆ మాట అంటె నాతోని పెట్టుకున్నట్టే."

అప్పుడు బామ్మర్ది వైపు తిరిగాడు.

"లింగవ్వకు నేనే జెప్త. ఈ రాత్రే క్యాసెట్టు నింపి పంపుత. ఆమెకు తమ్ముడు యాడికి పోలేదని నా నోటితోనే జెప్త. నువ్వు నా పక్కన కూసో, సాలు."

అంతసేపూ ఆపుకున్న ఏడుపు ఆయనకు అప్పుడు వచ్చింది. అంత మనిషీ వెనక్కి వాలి, తన బొమ్మ కిందనే గోడకు భుజం ఆనించబోయాడు. లింబాద్రి గబుక్కున చెయ్యి అడ్డం పెట్టాడు. కళ్ళలోంచి నీళ్ళు కారిపోతున్నాయి, గొంతు మాత్రం ఎప్పటి గొంతే.

"బావా, గోడకు ఆనకు. ఇంక పచ్చిగున్నది."